సిమోన్ సిన్యోరె సొంత గొంతు



సినిమా నటులు రాసిన పుస్తకాన్ని లోకం ఒక పట్టాన నమ్మదు. వెనక ఎవరో కూర్చుని రాసిపెట్టారంటుంది. ఫ్రెంచి నటి సిమోన్ సిన్యోరె మీద ఈ అపవాదు బాహాటంగానే పడింది. 1976లో వచ్చిన ఆమె ఆత్మకథకు పాఠకులు బ్రహ్మరథం పట్టారు. ఆ తర్వాత, అది ఆమె రాసింది కాదన్న మాట పుట్టింది. ఆమె కోర్టుకెక్కి గెలిచింది.

నిజానికి ఆ పుస్తకం సంభాషణగానే మొదలైంది. రచయిత మోరిస్ పోన్స్ అడిగిన ప్రశ్నలకు ఆమె జవాబులు టేపుకెక్కాయి. కాగితం మీద చూసుకుంటే ఆ మాటలు ఆమెకు తృప్తినివ్వలేదు. తానే కలం పట్టింది. అప్పటికి ఆమెకు యాభై దాటాయి. ముప్ఫై ఏళ్లకు పైగా ఇతరులు రాసిన మాటలు పలికిన మనిషి తన మాట తాను రాసుకోవడానికి కూర్చోవడమే ఆమె జీవితంలో అసలు ఘట్టమని నేను నమ్ముతాను.

ఇతరుల మాటలు పలకడం ఆ ఇంటి వృత్తి. తండ్రి ఆంద్రే కమింకర్ దుబాసీ. ఒకరు మాట్లాడుతూ ఉండగానే ఆ మాటలను మరో భాషలో వినిపించే విద్యలో మొదటి తరం వాడు. 1934లో నూరెంబర్గ్‌లో హిట్లర్ చేసిన ప్రసంగాన్ని ఫ్రెంచి రేడియో శ్రోతలకు అప్పటికప్పుడు వినిపించింది ఆయనే. ఆయన పోలండ్ మూలాలున్న యూదుడు. ఆ పూట ఆ మాటలు ఆయన నోట ఎలా వచ్చాయో తలుచుకుంటే నాకు ఇప్పటికీ గుండె బరువెక్కుతుంది.

సిమోన్ 1921లో జర్మనీలోని వీస్‌బాడెన్‌లో పుట్టి, పారిస్ పక్కనే ఉన్న నాయీలో పెరిగింది. 1940లో జర్మన్ సైన్యం ఫ్రాన్సును ఆక్రమించాక తండ్రి లండన్ వెళ్లి, అక్కడి నుంచి ప్రతిఘటన నడిపిన జనరల్ ద గోల్ పక్షాన చేరాడు. తల్లి, ఇద్దరు తమ్ముళ్ల భారం పందొమ్మిదేళ్ల పిల్ల మీద పడింది. నాజీలతో చేతులు కలిపిన జాన్ లుషేర్ పత్రికలో సెక్రటరీగా కొన్ని నెలలు పనిచేసింది. ఆ సంగతి దాచుకోవడానికి ఆమెకు అవకాశం ఉంది. ఆత్మకథలో దాచలేదు. తర్వాత తండ్రి ఇంటిపేరు పక్కనపెట్టి, తల్లి పుట్టింటి పేరైన సిన్యోరెతో సినిమాల్లో గుంపులో ఒకతెగా చిన్నాచితకా వేషాలు వేసింది.

1952లో వచ్చిన 'కాస్క్ దోర్' ఫ్రాన్సులో మొదట ఆడలేదు. బ్రిటన్ నెత్తిన పెట్టుకుంది. 'రూమ్ ఎట్ ద టాప్' ఆమెకు 1960లో ఆస్కార్ తెచ్చింది. అయితే ఆమె నటన చూడాలంటే మెల్విల్ తీసిన 'ఆర్మీ ఆఫ్ షాడోస్' (1969) చూడమంటాను. అందులో ఆమె మతీల్ద్, నాజీలను ఎదిరించే రహస్య దళంలో అందరికన్నా తెలివైనది. కూతురి ఫొటో సంచిలో పెట్టుకోవడం ఒక్కటే ఆమె చేసిన పొరపాటు. ఆ ఫొటో శత్రువుల చేతికి చిక్కుతుంది. కూతురి పేరుతో బెదిరించి వాళ్లు ఆమె నోరు విప్పిస్తారన్న భయంతో చివరికి సొంత దళమే ఆమెను చంపడానికి కారులో వస్తుంది. తనవాళ్లను గుర్తుపట్టి ఆమె వీధిలో నిలబడిపోతుంది. ఒక్క మాట ఉండదు. భయం, ప్రశ్న, అర్థం చేసుకోవడం అన్నీ ఆ కళ్లలోనే జరిగిపోతాయి.

సిమోన్ తన వయసును కూడా తెర మీద దాచలేదు. ముడతలు, బరువు, అలసిన నడక అన్నీ కెమెరాకు ఇచ్చేసింది. 1977లో 'మదాం రోజా'లో ఆష్విట్జ్ నుంచి బతికి వచ్చిన ముసలి వేశ్యగా కనిపించి సేజార్ అవార్డు అందుకుంది.

రాజకీయాల్లోనూ అదే తెగువ. 1956 చివర, హంగరీని సోవియట్ ట్యాంకులు అణచిన కొద్ది వారాలకే, భర్త ఈవ్ మోంటాన్ పాటల కచేరీల కోసం ఇద్దరూ మాస్కో వెళ్లారు. సోవియట్ నేత క్రుశ్చేవ్‌తో భోజనాల బల్ల దగ్గర కూర్చుని హంగరీ గురించి నిలదీశారు. వామపక్షాన్ని అభిమానించిన మనిషి ఆ పక్షపు అధినేతనే అడగడం చిన్న విషయం కాదు. 1960లో అల్జీరియా యుద్ధానికి వ్యతిరేకంగా వచ్చిన '121 మంది ప్రకటన' మీదా ఆమె సంతకం ఉంది.

చివరి పుస్తకం నవల. 1985లో వచ్చిన 'అద్యూ వొలోద్యా'. ఉక్రెయిన్, పోలండ్‌ల నుంచి పారిస్ చేరి, పేదల పేటలో బతికిన యూదు కుటుంబాల కథ. కమింకర్ అన్న ఇంటిపేరు వదిలి బతకాల్సి వచ్చిన మనిషి తండ్రి తరఫు జనాన్ని ఇలా వెతుక్కుందని నాకనిపిస్తుంది. అప్పటికే ఆమె చూపు బాగా మందగించింది. ఆ ఏడాదే సెప్టెంబర్ 30న క్యాన్సర్‌తో కన్నుమూసింది.

ఈ నవలను నేరుగా ఫ్రెంచి నుంచి తెలుగులో చదవాలని నా కోరిక. ఈ సభలో ప్రచురణకర్తలున్నారు, ఫ్రెంచి చదువుకున్నవారూ ఉన్నారు. ఆ పని ఎవరైనా తలకెత్తుకోవాలని మనస్ఫూర్తిగా అడుగుతున్నాను.