మృతుల పక్షాన మాట్లాడేటప్పుడు

(పట్టణ గ్రంథాలయంలో జరిగిన సాహిత్య సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

"జాతి నిర్మూలన - సాహిత్యం" అనే విషయంపై మాట్లాడమని నిర్వాహకులు నన్ను ఆదేశించారు. నేను సాహిత్య పండితుణ్ణి కాను. ముప్పై ఏళ్ళకు పైగా ప్రభుత్వ కార్యాలయంలో దస్త్రాల నడుమ గడిపి పదవీ విరమణ చేసిన గుమాస్తాను. దస్త్రంలోకి ఎక్కనిది జరగనట్టే లెక్క అన్న సంగతి ఆ ఉద్యోగం నాకు బాగా నేర్పింది. ఒక జాతిని తుడిచిపెట్టదలచినవారికి కూడా ఈ సంగతి తెలుసు. అందుకే వారు మనుషులను చంపి ఊరుకోరు. సమాధులను, ప్రార్థనాలయాలను, గ్రంథాలయాలను, జనన మరణాల పుస్తకాలను సైతం నాశనం చేస్తారు. 1992 ఆగస్టులో సరాయెవో నగరంలోని బోస్నియా జాతీయ గ్రంథాలయంపై ఫిరంగి గుండ్లు కురిపించి, లక్షల గ్రంథాలను బూడిద చేశారు. ఆ గ్రంథాలు ఎవరిపైనా తుపాకి ఎత్తలేదు. అక్కడ అన్ని మతాలవారూ కలసి బ్రతికారనడానికి అవి ఆధారాలు. వాటి నేరం అంతే.

ఈ ఘోరానికి చాలాకాలం పేరు కూడా లేదు. పోలెండుకు చెందిన యూదు న్యాయవేత్త రాఫేల్ లెమ్కిన్ 1944లో 'జెనోసైడ్' అనే పదాన్ని సృష్టించాడు. ఒక మనిషిని చంపినవానికి శిక్ష ఉండగా, ఒక జాతిని చంపినవారికి ఎందుకు లేదన్న ప్రశ్న, ఆర్మీనియన్ల సంహారం గురించి తెలుసుకున్న నాటి నుండే ఆయనను వేధించింది. తరువాత నాజీల చేతిలో తన బంధువులనే పదుల సంఖ్యలో పోగొట్టుకున్నాడు. ఆయన కృషి ఫలితంగానే 1948 డిసెంబరు 9న ఐక్యరాజ్యసమితి ఈ నేరానికి సంబంధించిన ఒడంబడికను ఆమోదించింది. చట్టం నేరాన్ని నిర్వచిస్తుంది, నేరస్థుణ్ణి నిలదీస్తుంది. చనిపోయినవాడు ఎటువంటివాడు, ఏ పాట పాడుకునేవాడు, ఇంట్లో అతని కోసం ఎవరు ఎదురుచూశారు అనేవి తీర్పులో పట్టవు. అవి చెప్పవలసింది సాహిత్యమే. అయితే మృతుల పక్షాన మాట్లాడే అధికారం ఎవరికి ఉంది? ఏ నియమానికి లోబడి మాట్లాడాలి? ఈ రెండు ప్రశ్నలనే ఈ వేళ మీ ముందుంచుతున్నాను.

మొదటి ప్రశ్నకు ఇటలీ రచయిత ప్రీమో లేవీ ఇచ్చిన సమాధానం మనం ప్రత్యేకంగా తెలుసుకోదగినది. ఆయన యూదుడు, రసాయన శాస్త్రజ్ఞుడు. ఔష్విట్జ్ నిర్బంధ శిబిరం నుండి ప్రాణాలతో బయటపడి, 1947లో తన అనుభవాలను గ్రంథంగా వెలువరించాడు. ఆ శిబిరంలో ఆకలికీ చాకిరీకీ చిక్కిశల్యమై, బ్రతకాలన్న కోరికే అడుగంటి, మృత్యువు వైపు మౌనంగా నడిచే ఖైదీని తోటి ఖైదీలు ఏ పేరుతో పిలిచేవారో తెలుసా? 'ముసల్మాన్' అని. ఆ పేరు ఎందుకు వచ్చిందనే విషయంలో ఏకాభిప్రాయం లేదు. యూదులను చంపే శిబిరంలో, అందరికంటె అడుగున పడిపోయిన యూదుని పేరు ముసల్మాన్!

1986లో వెలువడిన తన చివరి గ్రంథాలలో ఒకదానిలో లేవీ ఒక మాట స్పష్టం చేశాడు. సంపూర్ణ సాక్షులు ఆ ముసల్మానులే. వారు తిరిగి రాలేదు. తిరిగి వచ్చిన తనవంటివారు వారి బదులు మాట్లాడుతున్నవారు మాత్రమే. అంటే సాక్ష్యం చెప్పే రచయిత చేతిలో ఉన్నది తన సొత్తు కాదు, ఒకరు అప్పగించిపోయిన అమానతు. అమానతులో నుండి తీయడానికీ, దానికి కలపడానికీ మనకు హక్కు లేదని మన ఇళ్ళలో పసిపిల్లలకు కూడా చెబుతాము. మనం మాట్లాడే ఉర్దూలో 'షహాదత్' అన్న ఒకే మాటకు సాక్ష్యమనీ, అమరత్వమనీ రెండర్థాలు. పోయినవారిది ఒక షహాదత్, మిగిలినవారు నెరవేర్చవలసినది మరొకటి.

ఇక రెండవ ప్రశ్నకు బోస్నియాకు వెళదాము. స్రెబ్రెనిత్సా పట్టణాన్ని 1993లో ఐక్యరాజ్యసమితి సురక్షిత ప్రాంతంగా ప్రకటించింది. 1995 జూలై 11న అది బోస్నియా సెర్బు సైన్యం వశమయింది. కొద్ది రోజులలో 8 వేలకు పైగా ముస్లిం పురుషులను, బాలురను చంపారు. తరువాత నేరాన్ని దాచడానికి సామూహిక గోతులను యంత్రాలతో తవ్వి, శవాలను మరొక చోటికి తరలించారు. అందువల్ల ఒకే మనిషి ఎముకలు రెండు మూడు గోతులలో దొరికాయి. తల్లులు బిడ్డ ఎముకలలో కొన్ని దొరికిన తరువాత, మిగిలినవాటి కోసం ఏళ్ళ తరబడి ఎదురుచూశారు. అంతర్జాతీయ న్యాయస్థానాలు ఇది జాతి నిర్మూలనేనని తీర్పునిచ్చాయి.

అక్కడ ఐక్యరాజ్యసమితి వద్ద దుబాసీలుగా పనిచేసినందువల్ల బ్రతికిన ఇద్దరు యువకులు తరువాత గ్రంథకర్తలయ్యారు. హసన్ నుహానోవిచ్ తల్లిదండ్రులు, తమ్ముడు డచ్చి సైనికుల స్థావరంలో తలదాచుకున్నారు. వారిని బయటకు వెళ్ళిపొమ్మన్న ఆజ్ఞను స్వయంగా హసనే వారికి అనువదించి చెప్పవలసి వచ్చింది. ఆ ముగ్గురూ హతులయ్యారు. ఆయన పగబట్టి తుపాకి పట్టలేదు. కాగితాలు సేకరించాడు, ఎవరు ఎప్పుడు ఏ ఆజ్ఞ ఇచ్చారో నమోదు చేశాడు, న్యాయస్థానానికెక్కాడు. తండ్రి, తమ్ముని మరణాలకు నెదర్లాండ్స్ ప్రభుత్వమే బాధ్యత వహించాలని 2013లో ఆ దేశ సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. రెండవవాడు ఎమిర్ సుల్యాగిచ్. ఆయన దిగ్బంధంలోని ఆకలిని, మృతులను వ్రాసినంత నిజాయితీగా, ఆ పట్టణంలో తనవారిలోనే కొందరు బలవంతులు సాగించిన చీకటి వ్యాపారాన్ని కూడా వ్రాశాడు. దానివల్ల హంతకుల నేరం రవ్వంత కూడా తగ్గలేదు. ఆ మాట దాచనివాడు కనుకనే ఆయన చెప్పిన మిగతా మాటలను లోకం నమ్మింది.

ఇప్పుడు మనకు కొంచెం కష్టమైన మాట చెబుతాను. 1915లో ఆర్మీనియన్లను లక్షలాదిగా సంహరించిన ఉస్మానియా ప్రభుత్వాన్ని నడిపినవారు ముస్లిం పేర్లు గలవారే. ఆ మృతుల గురించి మనం మౌనం వహించి, స్రెబ్రెనిత్సా గురించి మాత్రమే మాట్లాడితే, దానిని సాక్ష్యమనరు, పక్షపాతమంటారు. మనకు, మన తల్లిదండ్రులకు వ్యతిరేకమైనా సరే, న్యాయంగా సాక్ష్యం చెప్పమన్నది మన ధర్మం. టర్కీ దేశపు న్యాయవాది ఫెత్హియే చెతిన్ ఆ పనే చేసింది. ముస్లిం గృహిణిగా జీవితమంతా గడిపిన తన అమ్మమ్మ నిజానికి ఆర్మీనియన్ క్రైస్తవ బాలిక అనీ, ఆ బలవంతపు ప్రయాణంలో తల్లి నుండి వేరైపోయిందనీ ఆ ముసలామె నోటి నుండే విని, 2004లో 'మా అమ్మమ్మ' అన్న అర్థం వచ్చే పేరుతో గ్రంథం వ్రాసింది. ఆ చిన్న పుస్తకం చదివిన తరువాత, తమ ఇళ్ళలోనూ ఇటువంటి అమ్మమ్మలున్నారని టర్కీలో ఎందరో బయటపడి చెప్పుకున్నారు.

మన గడ్డ సంగతికి వస్తాను. 1948 సెప్టెంబరులో హైదరాబాదు సంస్థానంపై జరిగిన పోలీసు చర్య సందర్భంగానూ, ఆ తరువాతనూ జరిగిన హత్యాకాండను ఏ న్యాయ పదంతో పిలవాలన్నది న్యాయవేత్తలు తేల్చవలసిన విషయం. జ్ఞాపకానికి సంబంధించిన ప్రశ్న మాత్రం అదే. కేంద్ర ప్రభుత్వం పంపిన పండిత సుందర్‌లాల్ బృందం, తక్కువలో తక్కువ అంచనాగా 27 వేల నుండి 40 వేల మంది ప్రాణాలు కోల్పోయారని నివేదించింది. ఆ నివేదిక దశాబ్దాల తరబడి వెలుగు చూడలేదు. దానిలో నాకు గొప్పగా తోచినది దాని నిష్పక్షపాతం. రజాకార్ల దౌర్జన్యాలను అది దాచలేదు. పొరుగు ముస్లింలను ప్రాణాలకు తెగించి కాపాడిన హిందువులను మరువలేదు. ముస్లిం నేతగాళ్ళను హిందూ నేతగాళ్ళు రక్షించిన సంగతిని ప్రత్యేకంగా పేర్కొన్నది. తెలుగులో నెల్లూరి కేశవస్వామి 'యుగాంతం' వంటి కథలలో ఆనాటి హైదరాబాదును చిత్రించారు. మన బాధకు సాక్షులు మనలో నుండే రావాలన్న నియమం లేదని ఆయన కలం నిరూపించింది.

కాని ఆ కాలాన్ని కన్నులారా చూసినవారిలో ఇప్పుడు మిగిలినవారు కొద్దిమందే. వారి వయసు ఎనభై దాటింది. ఏ నెలకు ఆ నెల జనాజాలు లేస్తున్నాయి. ప్రతి జనాజాతో ఒక ఊరి చరిత్ర మట్టిలో కలుస్తున్నది. కనుక యువతీ యువకులకు నా విన్నపం ఇది. మీ నానీ, దాదీల వద్ద కూర్చోండి. వారు చెప్పినది చెప్పినట్టు వ్రాయండి. ఊరి పేరు, మనిషి పేరు, చేసే వృత్తి వ్రాయండి. కళ్ళతో చూసినది వేరుగా, చెవితో విన్నది వేరుగా వ్రాయండి. జ్ఞాపకం లేదంటే లేదనే వ్రాయండి, మీరు నింపకండి. పది మంది చనిపోయిన చోట వంద మంది అని వ్రాస్తే, రేపు ఆ పది మందిని కూడా ఎవరూ నమ్మరు. గాదెలో దాచి గంజి పోసిన పొరుగింటివారి పేరు తప్పక వ్రాయండి. మనవారు ఎవరికైనా అన్యాయం చేసి ఉంటే అదీ వ్రాయండి. చెప్పడానికి ఆమె ఇష్టపడకపోతే బలవంతం చేయకండి. స్త్రీల మౌనానికి కారణముంటుంది, దానిని గౌరవించడం కూడా సాక్షి ధర్మమే.

ఇలా వ్రాసిన నోటు పుస్తకాలు కథలవుతాయో, కవిత్వమవుతాయో, చరిత్ర అవుతాయో తరువాతివారు చూసుకుంటారు. ముందు అవి ఉండాలి. మీలో ఎవరు వ్రాసి తెచ్చినా సాపు ప్రతి తీసి ఇవ్వడానికి నేను సిద్ధంగా ఉన్నాను. ఆ పని నాకు చేతనవును.