తల మీద మూడు గట్లు
(విజయవాడలో చేసిన స్మారకోపన్యాసం)



మా మాస్టారు జంతుశాస్త్రం చెప్పిన కాలమంతా బెజవాడలోనే గడిపారు. సముద్రం చూడాలంటే బందరు బస్సెక్కాల్సిందే. అయినా ఆయన ప్రయోగశాలలో ఒక తిమింగలం వెన్నుపూస ఉండేది. పీటంత ఎముక. కొత్తగా చేరినవాడి ఒళ్ళో దాన్ని పెట్టి "చేపదా, జంతువుదా?" అని అడిగేవారు. పాఠం చదివొచ్చినవాడు జంతువుదనేవాడు. "సరే, పిల్లదా, పెద్దదా?" అనేసరికి అందరం తెల్లమొహం వేసేవాళ్ళం.

అప్పుడాయన పూసకు రెండు పక్కలా ఉన్న గుండ్రటి బిళ్ళల్ని పట్టుకు లాగేవారు. పెనం మీంచి దిబ్బరొట్టె ఊడొచ్చినట్టు అవి చేతికొచ్చేవి. పాలిచ్చే జంతువు పెరుగుతున్నంత కాలం ఆ బిళ్ళలు విడిగా ఉంటాయి. ఎదుగుదల ఆగాక పూసకు అతుక్కుపోతాయి. అంటే మా ఎముక ఇంకా ఎదగాల్సిన ప్రాణిది. ఏ తీరానిది, ఏ ఏడాదిది, ఏ జాతిది? చీటీ లేదు. మాస్టారికి జీవితమంతా ఆ చీటీ మీదే బెంగ. ఇవాళ నేను మాట్లాడబోయేదీ దాని గురించే.

తిమింగలమనే మాటలోనే ఒక వర్గీకరణ ఉంది. తిమి అంటే పెద్ద చేప. దాన్ని మింగేది తిమింగిలం. దాన్నీ మింగేది తిమింగిలగిలం. ఎవరు ఎవరిని మింగుతారన్నదాన్ని బట్టి వరస పెట్టారు పూర్వులు. రాజకీయాలకు బాగా పనికొచ్చే పద్ధతే గానీ, జీవశాస్త్రంలో తలకిందులైంది. అన్నిటికన్నా పెద్దదైన నీలి తిమింగలానికి పళ్ళే లేవు. దాని గొంతులో మనిషి పట్టడు.

పళ్ళు బొత్తిగా లేవనడమూ పూర్తి నిజం కాదు. తల్లి కడుపులో ఉండగా పళ్ళ మొలకలు వస్తాయి. పుట్టేలోపే కరిగిపోతాయి. వాటి స్థానంలో పైదవడ నుంచి బలీన్ పలకలు వేలాడతాయి. మన గోరు ఏ పదార్థమో అవీ అదే. లోపలి అంచు పీచుపీచుగా ఉంటుంది. అన్నం వార్చడం చూసినవాళ్ళకు ఇక వివరించక్కర్లేదు. తిమింగలం నోరు బార్లా తెరిచి చేపల గుంపు మీదికి దూకుతుంది. గొంతు కిందున్న ముడతలు విచ్చుకుని కడవలా ఉబ్బుతాయి. నోరు మూసి, నాలుకతో నెట్టి నీళ్ళు బయటికి వార్చేస్తుంది. మెతుకులు లోపల మిగులుతాయి. చల్లటి సముద్రాల్లో ఆ మెతుకులు క్రిల్ అనే రొయ్యలాంటి చిన్న ప్రాణులు. మన వెచ్చటి నీళ్ళలో కవళ్ళు, నెత్తళ్ళ వంటి చిన్న చేపలు.

ఈ వెచ్చటి నీళ్ళను వదలని బలీన్ తిమింగలం ఒకటుంది. చాలా జాతులు ధ్రువాల దాకా వెళ్ళి తిని, పిల్లలకోసం వెచ్చటి నీళ్ళకొస్తాయి. దీనికి ఆ దూరప్రయాణం లేదు. దాని పుట్టుపూర్వోత్తరాలు కూడా బంగాళాఖాతం పక్కనే ఉన్నాయి. 1871లో బర్మాలో, మర్తబాన్ సింధుశాఖలో కలిసే ఒక ఏట్లోకి 37 అడుగుల తిమింగలం వచ్చి చిక్కుకుని చచ్చింది. ఎముకలు కలకత్తా ఇండియన్ మ్యూజియానికి చేరాయి. అక్కడి అధికారి జాన్ ఆండర్సన్ దాన్ని కొత్త జాతిగా గుర్తించి, బర్మాలో ఆంగ్ల ప్రభుత్వపు పెద్ద ఆష్లీ ఈడెన్ పేరిట 'ఎడెనీ' అన్నాడు. తర్వాత 1913లో దక్షిణాఫ్రికా తీరంలో దొరికిన ఇలాంటిదానికే ఓల్సెన్ అనే ఆయన, డర్బన్‌లో తిమింగలాల వేట కేంద్రం పెట్టించిన నార్వే కాన్సుల్ బ్రూడే పేరు పెట్టాడు. రెండూ ఒకటేనా, వేర్వేరా అన్న వాదన ఇంకా తెగలేదు. తెగాలన్నా ఆ కలకత్తా ఎముకల దగ్గరికే రావాలి.

అదే మ్యూజియంలో భర్హుత్ స్తూపపు శిల్పం కూడా ఉంది. పెద్ద జలచరం పడవను మింగబోతుంటుంది. దాని పేరు తిమితిమింగలమని శాసనమే చెబుతుంది. ఆ మ్యూజియం పురావస్తువుల జాబితా తయారుచేసింది కూడా ఆండర్సనే. రాయినీ ఎముకనూ ఒకే చేత్తో పట్టుకున్న మనుషులు అప్పట్లో ఉండేవారు.

మనకు మరీ దగ్గరివాడు వాల్టర్ ఇలియట్. 1845లో అమరావతి స్తూపం తవ్వించి శిల్పాల్ని మద్రాసుకు చేర్చింది ఆయనే. తర్వాత అవి లండన్ వెళ్ళాయి. వాటిని చాలాకాలం 'ఇలియట్ మార్బుల్స్' అన్నారు. నిజానికి అవి పల్నాటి సున్నపురాయి. అక్కడా పేరు తప్పే! ఆయనే విశాఖలో జాలర్ల దగ్గర దొరికిన డాల్ఫిన్ల, చిన్న తిమింగలాల వివరాలూ ఎముకలూ సేకరించి లండన్‌లో రిచర్డ్ ఓవెన్‌కు అందజేశాడు. ఓవెన్ 1866లో వాటికి పేర్లు పెట్టాడు. మరుగుజ్జు స్పెర్మ్ తిమింగలం ప్రపంచానికి పరిచయమైంది మన తీరం నుంచే. ఒక డాల్ఫిన్‌కైతే మన జాలర్ల మాటే లాటిన్ తొడుగు వేసుకుని 'గాదము' అయింది. తర్వాత ఆ జాతిని మరోదానిలో కలిపేయడంతో మన మాట చెల్లకుండా పోయింది. ఇవన్నీ పళ్ళున్న జాతులు. మన విషయానికి పక్కదారి. అయినా చీటీ మీదే బెంగపడ్డ మాస్టారి సభలో ఇలియట్ పేరెత్తకుండా ఉండలేను.

ఇక మన కాలానికొద్దాం. 2023 జులైలో శ్రీకాకుళం జిల్లా సంతబొమ్మాళి మండలం మేఘవరం తీరానికి 25 అడుగుల తిమింగలం కొట్టుకొచ్చింది. నీలి తిమింగలమని పత్రికలు రాశాయి. కావచ్చు. కానీ నీలి తిమింగలం పిల్ల పుట్టడమే 23 అడుగులు దాటి పుడుతుంది. ఆరేడు నెలలు పాలు తాగి, మానేసేసరికి 50 అడుగులవుతుంది. కాబట్టి మేఘవరానిది నీలిదే అయితే, అప్పుడే పుట్టిన పసిగుడ్డు. కాకపోతే మరో జాతి పిల్ల. ఈ రెండింటికీ చాలా తేడా ఉంది. ఒడ్డున చుట్టూ మూగిన జనం సెల్‌ఫోన్లలో ఈ తేడాను తేల్చే సమాచారం ఉండే అవకాశం ఉంది. పక్కన నిలబడి తీసుకున్న ఫొటోలు కాదు, తల మీంచి తీసినవి కావాలి.

ఎందుకంటే ఎడెనీకి తల మీద మూడు గట్లుంటాయి. ముక్కుపుటాల ముందు నుంచి మూతి దాకా, వరిమడి గట్లలా, నడుమ ఒకటి, అటూ ఇటూ ఒక్కోటి. తక్కిన దగ్గరి బంధువులకు నడిమి గట్టు ఒక్కటే. పొట్ట కింది ముడతలు బొడ్డు దాకా వచ్చాయా, ముందే ఆగాయా చూడాలి. సెయి తిమింగలానికి ముందే ఆగుతాయి. బలీన్ పలకలు నల్లగా ఉంటే నీలిది. ఫిన్ తిమింగలానికైతే కుడిపక్క ముందు పలకలు తెల్లగా ఉంటాయి. ఎడంపక్క అలా ఉండవు. ఇంత చూడ్డానికి డిగ్రీ అక్కర్లేదు. దివిసీమలో గట్టు లెక్కపెట్టడం రానివాడెవడు?

లెక్కపెట్టకపోతే ఏమవుతుందంటారా? 1970ల చివర్లో జపాన్ వాళ్ళు ఎనిమిది తిమింగలాల్ని పట్టి, చిన్నరకం బ్రూడేవని రాసుకున్నారు. 1998లో జపాన్ సముద్రంలో మరొకటి చచ్చి దొరికింది. ఎముకలు, జన్యువులు పోల్చి చూస్తే 2003లో అది కొత్త జాతని తేలింది. ఓమురా తిమింగలమన్నారు. ఎముకలు దాచారు కనుక పాతికేళ్ళయినా పేరు వచ్చింది. మన దగ్గర పొక్లెయిన్ వచ్చి, వాసన రాకముందే ఇసుకలో పూడ్చేస్తుంది. పూడ్చొద్దని నేననను. కుళ్ళిన తిమింగలం పక్కన రెండ్రోజులు బతకమంటే ఎవరూ ఒప్పుకోరు. పూడ్చిన చోటు మాత్రం రాసిపెట్టుకుంటే, ఏళ్ళ తర్వాతైనా ఎముకలు శుభ్రంగా దొరుకుతాయి.

మా వెన్నుపూస సంగతి చెప్పి ముగిస్తాను. మాస్టారు రిటైరయ్యాక కాలేజీకి వెల్లలు వేయిస్తూ ప్రయోగశాల ఖాళీ చేశారు. పూసా, ఒక బిళ్ళా పాత బెంచీలతో పాటు లారీ ఎక్కేశాయి. రెండో బిళ్ళ చాలాకాలం వరండాలో మంచినీళ్ళ కుండ మీద మూతగా ఉండేది.