పత్రి కోసం బిష్టుపూర్ బజారుకి

నన్ను పరిచయం చేసిన అబ్బాయి పర్యావరణవేత్త అనేశాడు. బాబూ, నేను 34 ఏళ్ళు కోక్ ఓవెన్లలో పనిచేసి రిటైరైన మనిషిని. బొగ్గుని గాలి తగలకుండా కాల్చి, ఎర్రగా మండుతున్న కోక్ మీద నీళ్ళు పోసి చల్లార్చి, బ్లాస్ట్ ఫర్నేసుకి పంపించడం మా పని. ఆ నీళ్ళు పోసినప్పుడు లేచే తెల్లటి ఆవిరి మీలో చాలామంది మేడల మీంచి చూసే ఉంటారు. ఆ వాసనతో ఇంటికెళ్తే మా ఆవిడ చొక్కా గుమ్మం బయటే విప్పించేది. అడవుల గురించీ నదుల గురించీ ఇవాళ నేను ఏం చెప్పినా, ఆ చొక్కా తొడుక్కున్నవాడు చెబుతున్నాడనే వినండి.

శాలువాకి, పూలగుత్తికి ధన్యవాదాలు. శాలువా జనవరిలో పనికొస్తుంది. గుత్తికి చుట్టిన ప్లాస్టిక్ కాగితం మాత్రం మైకు దగ్గర కరకరమంటోంది, ఎవరైనా కాస్త దాన్ని కిందికి దించండి.

ఆహ్వానపత్రంలో నా అంశం ‘పర్యావరణ సంక్షోభం, ఆధ్యాత్మిక దృక్పథం’ అని వేశారు. మూడు విషయాలు చెబుతానని కార్యదర్శిగారికి మాటిచ్చాను. మన శాస్త్రాలు చెట్టూచేమల గురించి ఏమన్నాయి, తక్కిన మతాలవాళ్ళు ఏం చేస్తున్నారు, ఈ ఊళ్ళో మనం ఏం చెయ్యాలి.

మొదటిది తొందరగా అయిపోతుంది. పదిమంది కొడుకులు ఒక చెట్టుకి సమానమని మత్స్యపురాణం అంటుంది. ఈ ముక్క చెప్పని వనమహోత్సవం నేనింతవరకూ చూడలేదు. మన పూర్వులు అన్నీ ముందే చెప్పారని మనవాళ్ళు ఛాతీ విరుచుకున్నప్పుడల్లా నాకు రావిచెట్టు గుర్తొస్తుంది. పాత రావిచెట్టు కనబడితే ఊరుకోం కదా. చుట్టూ సిమెంటు అరుగు కడతాం, టైల్స్ వేస్తాం, దాత పేరు చెక్కిస్తాం. వేరుకి గుక్కెడు నీళ్ళు దిగే సందు ఉంచం. అద్దం పగిలిన దేవుడి పటాలు తెచ్చి ఆ మొదట్లో వదిలేసి, దణ్ణం పెట్టుకుని, వెనక్కి చూడకుండా ఇంటికొచ్చేస్తాం. పూర్వులు చెప్పారు, కాదన్నదెవరు?

రెండోది. 2015లో పోప్ ఫ్రాన్సిస్ ‘లౌదాతో సీ’ అని ఒక లేఖ రాసి, ఈ భూమి మన అందరి ఉమ్మడి ఇల్లని క్రైస్తవ లోకానికి గుర్తుచేశారు. పెద్ద లేఖ, చదవదగ్గది. అంతకంటే చాలా ముందు, 1730లో, జోధ్‌పూర్ దగ్గర ఖేజడ్లీ అనే ఊళ్ళో ఒక సంగతి జరిగింది. రాజుగారి కొత్త మహలుకి సున్నం కాల్చాలి, కట్టెలు కావాలి. భటులు గొడ్డళ్ళతో వస్తే అమృతాదేవి అనే ఆవిడ చెట్టుని కావలించుకుని తల ఇచ్చింది. ఆవిడతో కలిపి 363 మంది బిష్ణోయిలు పోయారంటారు. వాళ్ళు ప్రాణం పెట్టిన ఆ ఖేజ్డీ చెట్టు ఏమిటనుకున్నారు? మన జమ్మి. దసరాకి మనం ప్రదక్షిణం చేసే జమ్మి, తెలంగాణవాళ్ళు రాష్ట్ర వృక్షంగా పెట్టుకున్న జమ్మి, వినాయక చవితినాడు పుస్తకం చూసి శమీపత్రం అని చదివి చేతికందిన ఆకేదో వేసేసే జమ్మి.

పత్రి దగ్గరికి వచ్చేశాను. ఇక నన్ను ఆపడం మీ వల్ల కాదు, మా ఇంట్లోవాళ్ళ వల్లే కాలేదు.

మా అమ్మది పాలకొండ దగ్గర పల్లె. పెళ్ళై, అందరూ అప్పటికీ బి.ఎన్.ఆర్. అనే పిలిచే రైలెక్కి, టాటానగర్‌లో దిగింది. రాత్రి స్లాగ్ పారబోస్తుంటే ఆకాశం సగం ఎర్రబడడం చూసి, “ఇక్కడ గరికైనా మొలుస్తాదేటి?” అని నాన్నని అడిగిందట. మొదటి చవితికి తులసి, గరిక, ఎవరో ఇచ్చిన మామిడాకులు, అంతే. తక్కిన పేర్లకి అక్షింతలు వేసి పూజ ముగించి, పొయ్యి దగ్గర కూర్చుని ఏడ్చిందట. అమ్మ పల్లెలో చవితికి ముందురోజు పిల్లలే కంచెలూ చెరువుగట్లూ తిరిగి పత్రి తెచ్చేవారు. పెద్దవాళ్ళు గుమ్మంలో కూర్చుని ఇది ఉత్తరేణి, ఇది కాదు అని ఏరేవారు. ఏటా ఒక పరీక్ష అన్నమాట.

నాకు ఎనిమిదేళ్ళున్నప్పుడు అమ్మతో బిష్టుపూర్ బజారుకి వెళ్ళాను. అక్కడ ఒక సంతాలీ ఆమె గోనె పరుచుకుని కూర్చునేది. సాల ఆకుల విస్తళ్ళు, పళ్ళపుల్లలు, వానాకాలమైతే రుగ్డా పుట్టగొడుగులు. ఆమెది దల్మా కొండ కింద ఊరు. అమ్మకి హిందీ రాదు, ఆమెకి తెలుగు రాదు. అమ్మ దగ్గర వ్రతకల్పం పుస్తకం ఉండేది. పుట్టింటినుంచి వచ్చేటప్పుడు ఒక్కో ఆకు పేజీల మధ్య పెట్టి తెచ్చుకుంది. ఆ పుస్తకం విస్తళ్ళ పక్కన నేల మీద పెట్టి, ఎండిన వావిలాకు తీసి చూపించింది. ఆమె దాన్ని ముక్కు దగ్గర పెట్టుకుని, ఓస్ అన్నట్టు నవ్వి, “సిందువార్” అంది.

అమ్మ గబగబా పేజీ తిప్పి చూసింది. సింధువారపత్రం అని ఉంది. అమ్మకి వావిలి తెలుసు, పుస్తకంలో దాన్ని సింధువారం అంటారనీ తెలుసు. కానీ ఆ పుస్తకం మాట బజార్లో పళ్ళపుల్లలు అమ్ముకునే మనిషి నోట్లో రోజూ తిరుగుతోందని మా అమ్మకి అప్పటిదాకా తెలీదు. తర్వాత ఆమె రెండు చేతులతో ఒళ్ళు రుద్దుకుంటున్నట్టు చూపించింది. ఒళ్ళునొప్పులకి ఆ ఆకు కాచిన నీళ్ళు. అమ్మ పొట్ట ముందు చెయ్యి గుండ్రంగా తిప్పి, బాలింతలకి కూడా అంది తెలుగులోనే. ఇద్దరూ పకపకా నవ్వారు. నాకు సిగ్గేసి అటు తిరిగాను.

మరుసటేడు నుంచీ చవితికి ముందురోజు మూట వచ్చేది. ఉత్తరేణిని ఆమె చిర్చిరి అనేది. మారేడు బేల్, రేగు బేర్. మద్దిని అర్జున్ అనేది, మన పుస్తకంలోనూ అర్జునపత్రమే. ఆ మద్దిచెట్ల మీదే ఖర్సావాఁ వైపు టసర్ పట్టుపురుగుల్ని పెంచుతారు. మీ ఆవిడల పట్టుచీరల్లో కొన్నిటికి ఆ ఆకే మూలం. దేవదారు మాత్రం హిమాలయాల్లో ఉంటుంది, దల్మాలో ఎక్కడ దొరుకుతుంది? మనవాళ్ళు అశోకచెట్టు ఆకు వేసి కానిచ్చేస్తారు. గండకీ అంటే ఏ ఆకో ఇద్దరు పురోహితులు ఒక్క మాట మీద నిలబడగా నేను వినలేదు. ఇక్కడ శాస్త్రులుగారు కూర్చున్నారు, తర్వాత మాట్లాడుకుందాం సార్.

ఒక ఏడాది మూటలో మద్దాకు రాలేదు. వాగొడ్డున ఉన్న చెట్టు కొట్టేశారట. అంతకుముందు అమ్మ ఒకసారి ఆ సంతాలీ ఆమె ఊరు వెళ్ళొచ్చింది. ఊరి చివర తోపులో పెద్ద మద్ది ఉంది కదా, దానిదో నాలుగాకులు తేకపోయావా అని అడిగింది, వచ్చిన హిందీలో. ఆమె ముఖం మారిపోయింది. “జాహేర్ కా హై. నహీ తోడేంగే,” అంది. దేవుడికే కదా అంది అమ్మ. దేవుడిదే కదా అంది ఆమె. మూట ముడి బిగించి చేతికిచ్చింది. ఆ ఏడు మా వినాయకుడికి మద్దాకు బదులు అక్షింతలు పడ్డాయి. ఇంటికొచ్చేదాకా అమ్మ ఒక్క మాట మాట్లాడలేదు.

ఈ ఊళ్ళో పుట్టి పెరిగినవాళ్ళకి కూడా జాహేర్ అంటే ఏమిటో చెప్పాల్సి రావడం నాకు కొంచెం కష్టంగానే ఉంటుంది. సంతాలీల ఊళ్ళో సాలచెట్ల తోపు అది. హో తెగవాళ్ళకైతే దేశావళి. విగ్రహం లేదు, కప్పు లేదు. వసంతంలో సాలచెట్టు పూసినప్పుడు బాహా పండగ చేస్తారు. పూజారి, నాయకే అంటారు, పూలు దేవుళ్ళకి పెట్టి ఇంటింటికీ పంచేదాకా ఆడపిల్లలు కొత్త పువ్వు తల్లో తురుముకోరు. పండగ మర్నాడు ఒకరి మీద ఒకరు నీళ్ళు చల్లుకుంటారు. రంగు కలపని ఉత్త నీళ్ళు. ముండాలు, ఉరాఁవ్‌లు దీన్నే సర్హుల్ అంటారు. వాళ్ళ మతానికి పేరు సర్నా. సర్నా అంటే తోపే. జనగణనలో ఆ మతానికి వేరే గడి కావాలని 2020 నవంబరులో జార్ఖండ్ శాసనసభ తీర్మానం కూడా చేసింది. తోపు పేరే మతానికి పెట్టుకున్నవాళ్ళ పక్కన వందేళ్ళుగా బతుకుతూ, మనం వాళ్ళకి పర్యావరణం మీద కరపత్రాలు పంచుతున్నాం!

ఇది మనకి తెలియని సంగతని కూడా అనలేం. మా పాలకొండ పైన సీతంపేట మన్యంలో సవరలు కందికొత్తల పండగ చేసేదాకా కొత్త కందులు నోట పెట్టరు. ఇంకొంచెం పైకి, రాయగడ వైపు వెళ్తే నియమగిరి. ఆ కొండ డోంగ్రియా కోందులకి దేవుడు, నియమరాజు. కొండలో బాక్సైట్ ఉంది. తవ్వాలా వద్దా అన్నది ఆ గ్రామసభలనే అడగమని 2013 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టు చెప్పింది. 12 గ్రామసభలు కూర్చున్నాయి. పన్నెండూ వద్దన్నాయి. ఆ వార్త పేపర్లో చదివిన రోజు నాకు మా బజారు ఆమె మూట ముడి గుర్తొచ్చింది. ఇంకోటి కూడా గుర్తొచ్చింది. మా ఫర్నేసులకి ఇనుపరాయి నోవాముండి కొండల్నుంచి వచ్చేది. హోల గడ్డ అది. ఆ కొండల్లో ఎన్ని దేశావళులు ఉండేవని 34 ఏళ్ళలో ఒక్కసారైనా నేను ఎవర్నీ అడగలేదు.

ఇప్పటి పత్రి సంగతి చెప్పనివ్వండి. ప్లాస్టిక్ సంచీ, పైన రబ్బరుబ్యాండు, 21 రకాలు అని అచ్చువేసిన చీటీ. కిందటేడు కొని తెచ్చి బల్ల మీద పరిచి లెక్కపెట్టాను. ఆరు రకాలున్నాయి, అందులో రెండు క్రోటన్లు. మా మనవడు ఫోన్లో కథ పెట్టాడు, ఫోను మాచీపత్రం అనగానే ఒక క్రోటన్ వేశాడు, బృహతీపత్రం అనగానే ఇంకోటి. వాడి తప్పు లేదు. వాడికి తెలుగు అక్షరాలే రావు, ఆకులెక్కడ వస్తాయి? బృహతి అంటే వాకుడు, ముళ్ళుంటాయి, కోసేటప్పుడు చేతికి గుచ్చుకుంటే ఇక జన్మలో మర్చిపోరు. ఆ ముల్లు గుచ్చుకోవడం కూడా పూజలో భాగమని నా నమ్మకం. శాస్త్రులుగారు తల అడ్డంగా ఊపుతున్నారు, ఊపనివ్వండి.

విగ్రహాల విషయంలో కొంత మారాం, ఒప్పుకుంటాను. ఖైరతాబాద్‌లో 1954లో ఒక్క అడుగుతో మొదలైన వినాయకుడు పెరిగి పెరిగి, చాలా ఏళ్ళు ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌లో ఉండి, 2022లో మట్టికి వచ్చాడు. సంతోషం. మట్టి విగ్రహం అనగానే సగం పుణ్యం చేతికొచ్చేసినట్టు మనం మాట్లాడుతుంటే మాత్రం, మరి దాని ముందు వేసే ఆకు మాటేమిటని అడగాలనిపిస్తుంది. ఆకు పేరు తెలిసినవాడికి దాని చెట్టు ఎక్కడుందో తెలుస్తుంది. దాన్ని కొట్టేస్తే వాడికి తెలుస్తుంది. మా అమ్మకి తెలిసినట్టు.

చీటీ వచ్చింది, అయిదు నిమిషాలట. మూడో విషయం ఇంకా మొదలే పెట్టలేదు. సరే, జంషెట్జీ టాటా సంగతి ఒకటి చెప్పి వదిలేస్తాను. ఈ ఊరు పుట్టకముందే, 1902లో, ఆయన కొడుకు దొరాబ్‌కి ఉత్తరం రాశాడు. కట్టబోయే ఊళ్ళో వీధులు వెడల్పుగా ఉండాలని, నీడనిచ్చే చెట్లు నాటాలని, తోటలకీ ఆటస్థలాలకీ చోటు వదలాలని, గుళ్ళకీ మసీదులకీ చర్చిలకీ స్థలాలు కేటాయించాలని. రెండేళ్ళకి ఆయన పోయాడు, ఈ చోటు చూడనే లేదు. ఆ ఉత్తరంలో చెట్లు ముందు వస్తాయి, గుళ్ళు చివర. చెట్లు తొందరగా పెరగవని ఆయనకి తెలుసు కాబోలు.

ఇక నది. దోముహానీ దగ్గర ఖర్కాయి సువర్ణరేఖలో కలుస్తుంది. ఛఠ్ ముందు రెండ్రోజులు ఘాట్లు కడిగి, నడుం లోతు నీళ్ళలో నిలబడి సూర్యుడికి అర్ఘ్యం ఇస్తారు. విగ్రహం అక్కర్లేదు, పురోహితుడు అక్కర్లేదు, నీళ్ళు మాత్రం ఉండితీరాలి. నాకు చాలా ఇష్టమైన పండగ. ఆ రెండ్రోజులు పోగా మిగిలిన 363 రోజులూ ఆ నీళ్ళలో ఏం కలుస్తోందో మీ అందరికీ తెలుసు, కొంత నాకు మీకంటే ఎక్కువే తెలుసు. అది ఇంకో సభలో.

ఆదివారం పొద్దున ఆరుకి ఖర్కాయి ఒడ్డున వావిలి పొదలు చూపిస్తాను, పిల్లల్ని తీసుకురండి. వాళ్ళ ఫోన్లు ఇంట్లో ఉంచితే మంచిది. అమ్మ పుస్తకం కూడా తెస్తాను. ఆకులు పొడైపోయాయి, పేజీల మీద వాటి మరకలు మాత్రం ఉన్నాయి. ఇరవై ఒకటిలో ఒక్క మాచిపత్రి మొక్క ఈ ఊళ్ళో ఇంతవరకూ నాకు దొరకలేదు. మీలో ఎవరి పెరట్లోనైనా ఉంటే సభ అయ్యాక వచ్చి చెప్పండి, ఒక రెమ్మ ఇస్తే కుండీలో పెట్టుకుంటాను.