అట్టకత్తి

(పూర్వ విద్యార్థుల స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)

 

వంతెనలు కట్టుకునే ఇంజినీరుని. పోయిన ఏడు మా అబ్బాయితో కలిసి కారెంపూడిలో ఏడు నిమిషాల లఘుచిత్రం తీశాను, దాని గురించి చెప్పమన్నారు. కెమెరా అంటే మావాడి ఫోనే లెండి.

తొమ్మిదో తరగతిలో వార్షికోత్సవానికి నేను బాలచంద్రుణ్ని. అట్టకత్తికి సిగరెట్ పెట్టెల్లోని వెండి కాగితం అంటించాం. నేను కత్తి దూసి నరుకుతుంటే ఒకటే ఈలలు. ముందు వరసలోంచి మా క్లాసువాడొకడు లేచి వెళ్లిపోయాడు. ఆ ఏడే ఊళ్లో పార్టీ గొడవల్లో వాళ్ల నాన్నని చంపారు. మా అందరికీ తెలుసు. తెలిసీ తట్టలేదు. మర్నాడు నేను పలకరించనూ లేదు.

పల్నాటి యుద్ధం మీద 1947లో ఒకటి, 1966లో ఒకటి సినిమాలొచ్చాయి. మొదటిదాంట్లో నాగేశ్వరరావు బాలచంద్రుడు, రెండోదాంట్లో రామారావు బ్రహ్మనాయుడు, భానుమతి నాగమ్మ. రెండూ నాకిష్టమే. కానీ చూసి బయటికొస్తే మళ్లీ అట్టకత్తి పట్టుకోవాలనిపిస్తుంది.

కారెంపూడి తిరునాళ్లలో అలా అనిపించదు. కార్తీక అమావాస్య నుంచి ఐదు రోజులు: రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కళ్ళిపాడు. మందపోరు నాడు కులం చూడకుండా చాపకూడు. ఆఖరి రోజు కొణతాలు పట్టినవాళ్లు వీరుల్లాగే నేలకొరుగుతారు. ఎవరు గెలిచారన్న మాట నాకెక్కడా వినపడలేదు.

ఫ్రెంచి దర్శకుడు అలెన్ రెనే 1955లో నాజీ శిబిరాల మీద ‘నైట్ అండ్ ఫాగ్’ తీశాడు. ముప్పై రెండు నిమిషాలు. నాటి దృశ్యాలు నలుపు తెలుపు, పదేళ్లకి అక్కడ మొలిచిన గడ్డి రంగుల్లో. అది చూశాకే మాకు ధైర్యం వచ్చింది. మా సినిమాలో యుద్ధం లేదు. వీరుల గుడి, నాగులేరు గట్టు, కొణతాలకు పసుపు రాసే చేతులు ఉంటాయి. తర్వాత నలభై సెకన్లు తెర నల్లగా ఉంటుంది, ఒక్క గొంతే వినిపిస్తుంది.

ఆ గొంతు వాడిది. నలభై ఏళ్లకి ఫోన్ చేసి, ముందు ఆనాటి నాటకానికి క్షమాపణ చెప్పాను. వాడు చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, “నాన్న చెప్పులు నెల్లాళ్లు గుమ్మం పక్కనే ఉన్నాయిరా, ఎవరం తీయలేకపోయాం” అన్నాడు. సినిమాలో ఆ మాటే పెట్టుకోమన్నాడు. పేరు వద్దన్నాడు.

భోజనాలయ్యాక తొమ్మిదో తరగతి గదిలో వేస్తున్నాం. వాడూ వచ్చాడు. మధ్యలో లేచి వెళ్తే, ఈసారి వెనకాలే నేనూ వెళ్తాను. మీరు చూస్తూ ఉండండి.