సింకాన్ భూమి పత్రాలు: తైవాన్ ద్వీపంలో భాషల చరిత్ర



భద్రిరాజు కృష్ణమూర్తిగారి పేరు వినగానే చాలామందికి 2003లో కేంబ్రిడ్జి అచ్చువేసిన ‘ద ద్రవిడియన్ లాంగ్వేజెస్’ గుర్తుకొస్తుంది. నాకు ముందుగా గుర్తుకొచ్చేది 1962 నాటి మాండలిక వృత్తి పదకోశం, వ్యవసాయ సంపుటం. ఊరూరా రైతుల నోట వ్యవసాయపు మాటలు రాబట్టి పేర్చిన పుస్తకం అది. భాష పనిలో బతుకుతుందన్న ఎరుక దానికి పునాది. ఆయన స్మృతిలో ఈరోజు నేను చెప్పబోయే తైవాన్ భాషల చరిత్రకూ అదే పునాది. పడమటి మైదానాల్లో మూలవాసుల భాషలు భూమి చేతులు మారినప్పుడే ఓడిపోయాయి, బడీ పోలీసూ రేడియో ఆ తరవాత వచ్చాయి: ఇదీ నా వాదన.

మడగాస్కర్ నుంచి ఈస్టర్ ద్వీపం దాకా పరుచుకున్న ఆస్ట్రోనేషియన్ కుటుంబానికి తైవాన్ పుట్టిల్లన్న సంగతి ఈ సభకు కొత్తగా చెప్పనక్కర్లేదు. ఉత్తరాన 1626 నుంచి 1642 దాకా ఉన్న స్పానిష్ వాళ్ళనూ, డచ్చివాళ్ళను తరిమిన కోక్సింగా వంశపు ఇరవై ఏళ్ళ పాలననూ ఈరోజుకు పక్కన పెడుతున్నాను. నేను ఎక్కువ కాలం గడిపింది నైరుతి తీరంలో, ఇప్పటి తైనాన్ చుట్టుపక్కల ఉన్న సిరాయా అనే మూలవాసుల ఊళ్ళ కాగితాలతో.

డచ్చి ఈస్టిండియా కంపెనీ 1624లో అక్కడ దిగి జీలాండియా కోట కట్టింది. దాని కళ్ళు జపానుకు ఎగుమతయ్యే జింకతోళ్ళ మీద, తరవాత చెరకు మీద పడ్డాయి. చెరకూ వరీ పండించడానికి ఎదురుగా ఉన్న ఫూజియన్ నుంచి చైనా రైతులను పిలిపించింది. కాండిడియస్, యూనియస్ అనే మతబోధకులు సింకాన్, మట్టావ్, సౌలాంగ్, బాక్లోవాన్ ఊళ్ళలో సిరాయా భాష నేర్చుకుని, దాన్ని రోమన్ లిపిలో రాయడం మొదలుపెట్టారు. 1636లో సింకాన్‌లో బడి తెరిచారు. మరో బోధకుడు గ్రావియస్ సిరాయాలోకి అనువదించిన మత్తయి సువార్త 1661లో ఆమ్‌స్టర్‌డామ్‌లో అచ్చయింది. మరుసటి ఏడే డచ్చివాళ్ళు కోట ఖాళీ చేశారు. బడికీ బోధకులకూ దిక్కు లేకుండా పోయింది.

అసలు కథ ఇక్కడే మొదలవుతుంది. పాలకులు పోయినా లిపి పోలేదు. 1683లో ద్వీపం చింగ్ సామ్రాజ్యంలో కలిసిన తరవాత కూడా సిరాయా పల్లెల్లో రోమన్ అక్షరాలతో పత్రాలు రాసుకుంటూనే ఉన్నారు. ‘ఎర్రజుట్టు వాళ్ళ రాత’, అంటే డచ్చివాళ్ళ రాత, నేర్చినవాళ్ళు ఊరి లెక్కలు చూస్తారనీ, పెద్దబాతు ఈకను చెక్కి కలంగా వాడతారనీ చింగ్ కాలపు జిల్లా చరిత్రలే నమోదు చేశాయి. ఏ ప్రభుత్వమూ అడగకుండా, ఏ బడీ నేర్పకుండా, తండ్రి నుంచి కొడుకుకు అందిన అక్షరాలతో దాదాపు ఒకటిన్నర శతాబ్దం, అంటే 19వ శతాబ్దం తొలి ఏళ్ళ దాకా, ఈ రాత నడిచింది.

ఏం రాసుకున్నారు? పొలం అమ్మకాలు, తాకట్లు, అప్పులు. తేదీ చైనా చక్రవర్తి ఏలుబడి సంవత్సరంతో ఉంటుంది, మాట సిరాయాలో ఉంటుంది. కొన్ని పత్రాల్లో ఒకే కాగితం మీద చైనీసూ సిరాయా పక్కపక్కన నిలబడతాయి. మురకామి నవోజిరో 1933లో వీటిని తొలిసారి పెద్ద సంపుటంగా ప్రకటించాడు. ఆ నాటికే సిరాయా మాట్లాడేవాళ్ళు లేరు, చాలా భాగం అర్థం కాకుండానే అచ్చయింది. పాల్ జెన్-క్వెయ్ లీ సువార్త భాషను ఆధారం చేసుకుని వీటిని చదివి 2010లో పుస్తకం తెచ్చాడు. జెన్-క్వెయ్ లీకి మనమంతా రుణపడి ఉన్నాం.

ఈ కాగితాలను కాలక్రమంలో పేర్చి చూడండి. ఊరివాళ్ళు పన్నులు కట్టాలి, వెట్టి చేయాలి. జింకల మేతబయళ్ళు వరి మళ్ళవుతున్న కొద్దీ వేట చిక్కిపోయింది. చేతిలో వెండి కావాలంటే తాకట్టు పెట్టడానికి మిగిలింది భూమి ఒక్కటే. తాకట్టు విడిపించుకోలేకపోతే పొలం ఫూజియన్ నుంచి వచ్చి హొక్కియెన్ మాట్లాడే రైతు చేతికి పోతుంది. తన పొలంలోనే కూలికి పోయినవాడు పని మాటలు కొత్త యజమాని భాషలో నేర్చుకుంటాడు. చివరికి ఆ పల్లెల పత్రాలు చైనీసులో మాత్రమే కనిపిస్తాయి. కొందరు కొండల వైపు, ఆపైన తూర్పు తీరానికి తరలిపోయారు. ఈ ఊళ్ళ పిల్లలను సిరాయా మాట్లాడవద్దని ఏ బడీ దండించలేదు, ఆ అవసరం రాకముందే భాష పోయింది.

సంఖ్యాపదాల సంగతి ఇక్కడ చెప్పక తప్పదు, ఎందుకంటే సిరాయాను లాగి వంశవృక్షం మీద పెద్ద వాదం నడుస్తోంది. రాబర్ట్ బ్లస్ట్ 1999లో ఆస్ట్రోనేషియన్ కుటుంబానికి పది మూలశాఖలు చూపి, వాటిలో తొమ్మిది తైవాన్‌లోనే ఉన్నాయన్నాడు. లోరాన్ సగార్ 2004లో దీన్ని తోసిపుచ్చి, ఐదు నుంచి పది దాకా ఉన్న సంఖ్యాపదాలు ఒకదాని తరవాత ఒకటి పుట్టాయనీ, ఏ భాషలో ఏవి ఉన్నాయో చూస్తే మెట్లుమెట్లుగా వృక్షం కడుతుందనీ వాదించాడు. ఆయన వాదానికి ఆయువుపట్టు తైవాన్‌లోనిదే అయిన పాజే భాష. అందులో ఐదు ‘ఖసెప్’, రెండు ‘దుసా’, ఏడు ‘ఖసెబిదుసా’, అంటే ఐదూ రెండూ. ఇటువంటి పొడుగు మాటే అరిగి మిగతా భాషల్లో ‘పితు’ అయిందంటాడు సగార్. పాజే పద్ధతే తరవాత పుట్టిందంటాడు బ్లస్ట్.

కృష్ణమూర్తిగారి పని ఇక్కడే అక్కరకొస్తుంది. తమిళ ‘ఉరల్’ తెలుగులో ‘రోలు’ అయిన వర్ణవ్యత్యయం మాట వెంట మాటగా నెమ్మదిగా పాకిందని 1978లో ఆయన నిరూపించారు. మారకుండా మిగిలిన మాటలతోనే ఆరు భాషల శాఖాభేదం తేల్చవచ్చని 1983లో మోజెస్, డాన్‌ఫోర్త్‌లతో కలిసి చూపించారు. మార్పు నడిచిన దారిలో సగం మారిన మాటలు దొరుకుతాయి. ‘ఖసెబిదుసా’కూ ‘పితు’కూ మధ్య అటువంటి మెట్టు నాకు ఎక్కడా కనిపించలేదు. సిరాయాలో ఐదు, ఆరు, ఏడు మిగతా చాలా భాషలతో కలుస్తాయి. ఎనిమిది, తొమ్మిది దాని సొంతవి. సగార్ దీన్నిబట్టి సిరాయాను మధ్య మెట్టు మీద కూర్చోబెట్టాడు. సంఖ్యలు సంతలో చేతులు మారే సరుకు. ఆదిలాబాద్ కొలామీలో ఐదు మొదలు పైసంఖ్యలు తెలుగు నుంచి వెళ్ళాయి, అంతమాత్రాన కొలామీ తెలుగుకు చెల్లెలు కాలేదు. సంఖ్యల మీద వృక్షం నిలబెట్టడం తప్పు. అలాగని పది శాఖలు ఒక్కసారే చీలాయన్నా నాకు తృప్తి లేదు, ఉమ్మడి మార్పులను ఇంకా వెతకాలి. పాజేను ధారాళంగా మాట్లాడే చివరి మనిషి 2010లో కన్నుమూశారు. ఈ వాదం ఇక కాగితాల మీదే తేలాలి.

చాలాసేపు అక్కడే ఉండిపోయాను, మిగిలింది త్వరగా చెబుతాను. ఫూజియన్‌లోని జాంగ్‌జౌ, చ్వాన్‌జౌ యాసలు ద్వీపంలో కలిసిపోయి తైవాన్ హొక్కియెన్ ఏర్పడింది. చైనా నుంచే వచ్చిన హక్కా వాళ్ళు దక్షిణాన పింగ్‌టుంగ్‌లోనూ, వాయవ్యంలో తావొయువాన్, శిన్‌చూ, మియావొలీల్లోనూ స్థిరపడ్డారు. 1885లో తైనాన్‌లో హొక్కియెన్ చర్చి పత్రిక రోమన్ లిపిలో మొదలైంది. 1895లో జపాన్ వచ్చింది. దాని పోలీసులు కొండ ఊళ్ళలో బళ్ళు నడిపారు. దాని పండితులు ఒగవా, అసాయి 1935లో మూలవాసుల కథలను వాళ్ళ భాషల్లోనే అచ్చువేశారు. యీలాన్‌లోని కొన్ని అటయాల్ ఊళ్ళలో జపనీసూ అటయాలూ కలిసి కొత్త భాషే పుట్టింది, దాని మీద ప్రత్యేకంగా ఒక ఉపన్యాసం జరగాలి.

జపాన్ పోయాక, 1945 తరవాత, మాండరిన్ వచ్చింది. బడిలో ఇంటి భాష మాట్లాడిన పిల్లల మెడలో పలక వేలాడదీశారు, జరిమానా వేశారు. 1976 చట్టం రేడియో, టీవీల్లో హొక్కియెన్, హక్కాలకు కోత పెట్టింది. మైదానాల్లో భూమి చేసిన పనిని కొండల్లో బడి చేసింది. 1987లో సైనిక శాసనం ఎత్తేశారు. మరుసటి ఏడు డిసెంబరులో హక్కాలు తమ భాష కోసం తైపేలో ఊరేగారు. ప్రభుత్వం ఇప్పుడు 16 మూలవాసి జాతులను గుర్తిస్తోంది. 2017 చట్టం వాళ్ళ భాషలను జాతీయ భాషలన్నది. సిరాయా ఆ జాబితాలో లేదు. గ్రావియస్ సువార్త ఆధారంగా 2008లో సిరాయా పదకోశం వచ్చింది, తైనాన్‌లో పిల్లలకు నేర్పుతున్నారు. 2022లో రాజ్యాంగ న్యాయస్థానం సిరాయాల వంటి మైదాన జాతుల గుర్తింపు హక్కును సమర్థించింది.

సిరాయాకు అమ్మకపు పత్రాలూ ఒక సువార్తా మిగిలాయి గనుక ఈ మాత్రమైనా చెప్పగలిగాను. మన దగ్గర అరకు కొండల్లో కొండ, కువి, ఆదిలాబాద్‌లో కొలామి మాట్లాడేవాళ్ళు ఇంకా పొలాల్లో ఉన్నారు. కృష్ణమూర్తిగారు కొండ భాషకు 1969లో వ్యాకరణం రాసిపెట్టారు. ఈ సభలో ఉన్న పరిశోధక విద్యార్థులను కోరేది ఇదే: ఆ భాషలన్నిటికీ వ్యవసాయ పదకోశాలు తయారు చేయండి, ఆ భూములు వాళ్ళ చేతుల్లో ఉండగానే.