షరతుకూ ఒక హద్దుంది



రాజమండ్రి చుట్టుపక్కల రాయి, గ్రావెల్ మీద బతికే కుటుంబాలెన్నో. ఖనిజం కొని, నిల్వచేసి అమ్మాలంటే డీలరు లైసెన్సు తీసుకోవాలని 2000లో ఆంధ్రప్రదేశ్ ఖనిజ డీలర్ల నిబంధనలు వచ్చాయి. ఆ లైసెన్సు మీద సర్కారు ఏ షరతైనా రాయొచ్చా? కుదరదంటున్నాం మేం.

1957 గనుల చట్టంలో 1999లో చేర్చిన 23-సి సెక్షన్ రాష్ట్రానికిచ్చిన అధికారం ఒక్కటే: అక్రమ తవ్వకం, రవాణా, నిల్వలను ఆపడం. రిజిస్టరు చూపమనండి, పర్మిట్టు అడగండి, అది న్యాయమే. గోదావరిని తోడేసే దొంగలను మేం వెనకేసుకు రావడం లేదు. కానీ సీనరేజి కట్టి తెచ్చిన సరుకును ఫలానా చోట అమ్మొద్దంటే?

గుజరాత్ తమ ఇసుక పొలిమేర దాటొద్దని నిబంధన పెట్టింది. 2019లో సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. సక్రమంగా తవ్విన ఖనిజం రవాణాను ఆపే అధికారం 23-సి ఇవ్వదన్నది. రాజ్యాంగం 301వ అధికరణం ఇచ్చిన వ్యాపార స్వేచ్ఛకూ అది విరుద్ధమన్నది.

వ్యాపారుల గొడవ మనకెందుకంటారా? చట్టంలో లేని షరతు ఆఫీసుల్లో బేరమవుతుంది. పెద్ద గుత్తేదారు బేరం కుదుర్చుకుంటాడు. పని పోయేది ట్రాక్టరు డ్రైవరుకు, లోడెత్తే కూలీకి.

అందుకే ప్రతి షరతునూ అడుగుదాం: ఇది దొంగతనాన్ని ఆపుతుందా? ఆపనిదైతే, దానికి చట్టంలో చోటెక్కడ?