దర్పణమున తోచు రూపము



అద్దమున ముఖము చూచుకొనుట మానవునకు క్రొత్త కాదు. కాని చూచుకొనిన ముఖమును మరుక్షణమున వందలమంది యెదుట నుంచి, వారి మెప్పును అంకెలలో లెక్కించుకొనుట ఈ తరమునకు వచ్చిన అలవాటు. ముందువైపు కెమెరాగల ఐఫోను, ఇన్‌స్టాగ్రామ్ రెండును 2010వ సంవత్సరముననే వెలువడినవి. 2013లో ఆక్స్‌ఫర్డు నిఘంటువులవారు ‘సెల్ఫీ’ని ఆ యేటి మాటగా ఎన్నుకొనిరి. మూడేండ్లలో ఒక అలవాటు నిఘంటువునకెక్కినది.

ఈ అలవాటు వలన మనిషి తన్ను గూర్చి తానేమనుకొనుచున్నాడు? ఈ ప్రశ్నకు సమాధానము వెదకుటలో, ఇవేవియు పుట్టకముందే జీవించిన ఒక చిత్రకారిణి తోడ్పడగలదు. ఆమె అమృతా షేర్‌గిల్.

అమృత 1913లో బుడాపెస్టు నగరమున జన్మించినది. తల్లి హంగేరీ దేశీయురాలు, గాయని. తండ్రి ఉమ్రావ్ సింగ్ పంజాబు సర్దారు, సంస్కృత పారసీకములు నేర్చిన పండితుడు. ఆయనకు ఫోటోగ్రఫీ యన్న ప్రాణము. తన చిత్రములను తానే పలుమారులు తీసికొనెను. భార్యను, కుమార్తెలను కెమెరా ముందు నిలిపెను. ఆ ఛాయాచిత్రములలో అమృత ఒకచోట ఐరోపా దుస్తులలోను, ఒకచోట చీరలోను కానవచ్చును. ఇట్లు, ఇతరుల కన్నులకు తానెట్లు కనబడుదునో ఆమె చిన్ననాటనే ఎరిగినది.

1929లో ఆమె చిత్రకళాభ్యాసమునకు పారిస్ చేరెను. అక్కడ పలుమారులు తన రూపమును తానే చిత్రించుకొనెను. ఒక పటమున నవ్వుచు, మరొక పటమున గంభీరముగ కానవచ్చును. ఒకే మనిషి ఇందరెట్లు అగును? ఆ సందేహమే ఆమె కుంచెను నడపినట్లు తోచును.

వీనిలో మిక్కిలి ఆలోచింపజేయునది 1934లో వ్రాసిన ‘తాహితీ స్త్రీగా ఆత్మచిత్రము’. ఫ్రెంచి చిత్రకారుడు గోగాఁ తాహితీ ద్వీపమునకేగి, అక్కడి స్త్రీలను తన యూహలకు అనువుగ చిత్రించి ప్రఖ్యాతుడయ్యెను. ఐరోపా కన్ను ‘ప్రాచ్యసుందరి’యందు వెదకునది ఆ రూపమునే. అమృత ఆ వేషమును తానే ధరించి చిత్రమున నిలిచెను. అయితే ఆమె చూపు ప్రేక్షకుని వైపు లేదు. పైగా ఆమె వెనుక ఒక పురుషుని నీడ పడియున్నది. చూచుచున్నవాడెవడో చిత్రములోనే కలడు! ఈ రూపము ఎవరి కోరిక వలన ఏర్పడినదో ఆ నీడ చెప్పకయే చెప్పుచున్నది.

నేటి ఫోను చిత్రములలో లోపించినది ఈ నీడయే. చూచెడివారి మెప్పు అక్కడను కలదు. భంగిమను, చిరునవ్వును, వెలుతురును అదియే నిర్ణయించుచున్నది. కాని అది చిత్రమున కానరాదు. కావున తీసికొనిన బాలిక అది తన స్వరూపమే యని నమ్మును. లైకులు తగ్గిన దినమున తన యందే లోపమున్నదని క్రుంగును.

ఈ నమ్మకమునకు ఆధారమెంత? అద్దమున కుడియెడమలు తారుమారగును. 1977లో అమెరికాలో ప్రకటితమైన ఒక పరిశోధనలో స్త్రీలకు తమ ముఖము యొక్క రెండు ప్రతులను చూపిరి. అధికసంఖ్యాకులు అద్దమున కనబడు రీతి ప్రతినే మెచ్చిరి. వారి మిత్రులు అసలు ప్రతిని మెచ్చిరి. అలవాటైన ముఖమే అందమని తోచును గదా! 2018లో వెలువడిన మరియొక గణన ప్రకారము, అయిదడుగుల దూరమునుండి తీసిన చిత్రముతో పోల్చిన, పండ్రెండంగుళముల దూరమునుండి తీసిన చిత్రమున ముక్కు సుమారు 30 శాతము వెడల్పుగ కనబడును. చేతి పొడవుకు మించని కెమెరా చెప్పిన మాటను నమ్మి తన ముక్కును ద్వేషించుకొనువారు ఈ లెక్కను తెలిసికొనవలెను. ఇక చర్మమును నునుపు చేసి, కన్నులను పెద్దవిచేయు ఫిల్టర్ల మాట చెప్పనేల? 2021లో ఇన్‌స్టాగ్రామ్ వారే లైకుల సంఖ్యను మరుగుపరచుకొను వీలు కల్పించిరి.

1934 చివర అమృత భారతదేశమునకు తిరిగివచ్చెను. అప్పటినుండి ఆమె దృష్టి అధికముగ ఇతరులపైకి మరలినది. 1935లో వ్రాసిన ‘మువ్వురు బాలికలు’ చిత్రములోని ముఖములు ఎవరి మెప్పును కోరవు. అవి తమలో తాము మునిగియున్నవి. ఆమె 1941లో లాహోరున 28 ఏండ్లకే మరణించినది. అనంతరము ఆమె చెల్లెలి కుమారుడు, చిత్రకారుడు వివాన్ సుందరం, తాతగారి ఛాయాచిత్రములను అమృత చిత్రములతో కంప్యూటరుపై జోడించి 2001–02లో ఒక చిత్రమాలను కూర్చెను. కెమెరా చూచిన అమృత, అమృత చూచిన అమృత అందు ప్రక్కప్రక్కన నిలిచిరి.

ఢిల్లీలో ఇండియా గేటు సమీపమున జయపుర భవనమందలి జాతీయ ఆధునిక కళాప్రదర్శనశాలలో ఆమె చిత్రములు అనేకము కలవు. సెలవు దినమున పిల్లలను అచ్చటికి కొనిపోవుట, చేతినుండి ఫోను లాగికొనుట కన్న మేలు. ఇంటికి వచ్చిన పిదప అద్దము, కాగితము, పెన్సిలు ఇచ్చి, ఒక గంట తమ ముఖమును తామే వ్రాసికొమ్మనవలెను. చిత్రము బాగుగ కుదరకపోవచ్చును. కాని ఆ గంటలో వారు తమ ముఖమును మెప్పుకై కాక, తెలిసికొనుటకై చూతురు. తన్ను చూచువాని నీడ ఎక్కడ పడుచున్నదో గుర్తించగలిగిన బిడ్డ, ఆ నీడను తన ముఖమని భ్రమపడదు.